ముత్తులక్ష్మి రెడ్డి: ఆ ముగ్గురు పిల్లలు తలుపు తట్టిన రోజు

[తెర మీద: పాత మద్రాసు వీధి, 1930]

మద్రాసులో ఒక డాక్టరమ్మ ఇంటి తలుపు తట్టారు ముగ్గురు ఆడపిల్లలు. దేవదాసి కుటుంబాల పిల్లలు. ఆ బతుకు వద్దనుకుని ఆమెను వెతుక్కుంటూ వచ్చారు. హాస్టళ్లలో చేర్పించాలని చూస్తే కులం అడ్డొచ్చింది, ఎవరూ తీసుకోలేదు. మరి ఈ రాత్రికి వీళ్లెక్కడ పడుకోవాలి? ఆమె తన ఇంట్లోనే ఉంచుకున్నారు. ఇలాంటి ఆడపిల్లలకు నీడనిచ్చే అవ్వై హోం అలా పుట్టింది.

ఆమె డాక్టర్ ముత్తులక్ష్మి రెడ్డి. 1886లో పుదుక్కోటలో పుట్టారు. తండ్రి కాలేజీ ప్రిన్సిపాల్. తల్లి చంద్రమ్మాళ్‌ది దేవదాసి కుటుంబం. అంటే ఆ పిల్లల బాధ ఆమెకు పుస్తకాల్లో చదివి తెలుసుకోవాల్సింది కాదు. 1912లో మద్రాస్ మెడికల్ కాలేజీ నుంచి డాక్టరయ్యారు. రెండేళ్ల తర్వాత డాక్టర్ సుందర రెడ్డిని పెళ్లాడారు. తనను సమానంగా చూడాలని, తన పనికి అడ్డు రాకూడదని ముందే మాట తీసుకున్నారట. ఆ రోజుల్లో అలా అడగడమే ఎంత ధైర్యం!

[తెర మీద: మద్రాసు ప్రెసిడెన్సీ మ్యాప్, కోస్తా, రాయలసీమ జిల్లాలు వెలుగుతాయి]

1926లో ప్రభుత్వం ఆమెను మద్రాసు శాసనమండలికి నామినేట్ చేసింది. బ్రిటిష్ ఇండియాలో తొలి మహిళా శాసనసభ్యురాలు. సభ్యులంతా కలిసి ఆమెను డిప్యూటీ ప్రెసిడెంట్‌గా ఎన్నుకున్నారు. మన కోస్తా, రాయలసీమ అప్పుడు ఆ ప్రెసిడెన్సీలోవే. అంటే ఆ సభ మనవాళ్లదీనూ.

ఇక్కడ ఒక్క నిమిషం ఆగుదాం. అసలు కీలకం ఇదే. దేవుడి పేర తాళి కట్టి ఆడపిల్లను గుడికి ఇచ్చేసేవారు. మన రాయలసీమలో బసివిని, తెలంగాణలో జోగిని అంటారే, అలాంటి ఆచారమే. గుడిలో సేవ చేసినందుకు ఆ కుటుంబానికి మాన్యం ఉండేది. సేవ ఆగితే భూమి పోతుంది. భూమి నిలవాలంటే? ఇంకో తరం నుంచి ఇంకో పిల్లను ఇవ్వాలి.

ఆ ముడినే ఆమె విప్పారు. గుడుల ఆస్తుల చట్టానికి ఆమె తెచ్చిన సవరణ 1929లో పాసైంది. సేవతో పని లేకుండానే భూమి ఆ ఆడవాళ్లకే దక్కేలా చేసింది. ఆచారం తప్పని చెప్పి ఊరుకుంటే వాళ్లకు కూడు పెట్టేదెవరు? నాకు ఆమె మీద గౌరవం పెరిగింది సరిగ్గా ఇక్కడే. అయినా అందరూ ఒప్పుకోలేదు. దేవదాసీల్లోనే కొందరు తమ కళ, తమ హక్కు పోతాయని గట్టిగా ఎదిరించారు. వాళ్ల భయాన్ని కొట్టిపారేయలేం.

1930లో అంకితం ఇవ్వడాన్నే నిషేధించాలని ఇంకో బిల్లు పెట్టారు. అంతలో ఉప్పు సత్యాగ్రహం, గాంధీజీ అరెస్టు. నిరసనగా ఆమె పదవికి రాజీనామా చేసేశారు. బిల్లు ఆగిపోయింది. పిల్లల పని మాత్రం ఆగలేదు.

[తెర మీద: అడయారు, అవ్వై హోం]

హోం తర్వాత అడయారుకు మారింది. స్వాతంత్య్రం వచ్చాక రాష్ట్ర సాంఘిక సంక్షేమ సలహా మండలికి ఆమే తొలి అధ్యక్షురాలు. 1954లో 12 పడకలతో అడయారు క్యాన్సర్ ఇన్‌స్టిట్యూట్ మొదలుపెట్టారు. సొంత చెల్లెలు క్యాన్సర్‌తో పోవడం ఆమె మనసులోంచి పోలేదు. 1968లో కన్నుమూశారు.

ఆ నిషేధం చట్టమైంది 1947లో. బిల్లు పెట్టిన 17 ఏళ్లకు. ఆ రోజు తలుపు తట్టిన పిల్లలు అప్పటికే పెద్దవాళ్లైపోయి ఉంటారు.