పూడికకే మనం బాకీ

పెద్దలకు, పిల్లలకు నమస్కారం.

కాకినాడలో మనం రోజూ సముద్రం అంటాం గానీ, ఊరి ముందున్నది అఖాతం. అసలు సముద్రానికీ మనకూ మధ్య హోప్ ఐలాండ్ ఉంది, దాదాపు పదహారు కిలోమీటర్ల ఇసుక తిప్ప. కెరటాలు అక్కడే విరిగిపోతాయి. ఇవతల నీళ్ళు చెరువులా ఉంటాయి. ఆ తిప్పను ఎవరూ కట్టలేదు. గోదావరి పాయ గౌతమి తెచ్చిన ఇసుకను అలలు ఉత్తరానికి తోసుకుంటూ పోయి, రెండు వందల ఏళ్ళుగా పోగుచేశాయి.

ఆ గోదావరే అఖాతంలో బురద కూడా పోస్తుంది. అందుకే పెద్ద ఓడలు దూరంగా లంగరేస్తే బార్జీలు సరుకు మోసేవి. 1990ల్లో డీప్ వాటర్ పోర్టు వచ్చాక కూడా పూడిక అంటే ఓడల వాళ్ళకు టెన్షనే. పక్కనే కోరంగి ఒకప్పుడు ఎంత పేరున్న రేవంటే, బర్మాలో మన తెలుగువాళ్ళందరినీ కోరంగీలనే పిలిచేవారు. 1839 ఉప్పెన దాన్ని ముంచింది, మిగిలిందాన్ని పూడిక మింగింది.

అయినా ఈ రోజు నేను పూడిక తరఫునే మాట్లాడతాను.

ఆ బురదలోనే మడ అడవి పుట్టింది. 1978లో ప్రకటించిన కోరంగి అభయారణ్యం 235 చదరపు కిలోమీటర్లు. పాటు వేళ, అంటే నీళ్ళు వెనక్కి తగ్గినప్పుడు అక్కడికి వెళ్తే, తెల్ల మడ చుట్టూ పెన్సిళ్ళు గుచ్చినట్టు వేర్లు పైకి లేచి కనిపిస్తాయి. బురదలో గాలాడదు కాబట్టి చెట్టు వాటితో ఊపిరి పీలుస్తుంది. ఆకు మీద వేలు రాసి నాలుకకు తాకించండి, ఉప్పగా ఉంటుంది. వేర్లు తాగిన ఉప్పును ఆకులు బయటికి కక్కేస్తాయి. ఆ వేర్ల సందుల్లోనే రొయ్య పిల్లలు, పీతలు పెరుగుతాయి. వాటి కోసం నీటికుక్కలు, రాత్రిళ్ళు బావురుపిల్లి వస్తాయి. బావురుపిల్లి నీళ్ళలోకి దిగి చేపను పట్టుకుంటుంది.

చలికాలంలో ఇక్కడికి వచ్చే ఒక పక్షిని చూస్తే నాకు ఇప్పటికీ ఒళ్ళు పులకరిస్తుంది, ఇండియన్ స్కిమ్మర్. నారింజ రంగు ముక్కు, పై దవడ కన్నా కింది దవడ పొడుగు. నోరు తెరిచి నీటిని కోసుకుంటూ ఎగురుతుంది, దవడకు చేప తగలగానే టక్కున మూస్తుంది. దానికి లోతు తక్కువ, కదలని నీళ్ళు కావాలి. ఓడల వాళ్ళు లోపమన్నదే దాని తిండి. హోప్ ఐలాండ్ ఇసుకలోకి ఆలివ్ రిడ్లే తాబేళ్ళు గుడ్లు పెట్టడానికి వస్తాయి.

పైన ఆనకట్టలు కట్టాక డెల్టాకు వచ్చే మట్టి బాగా తగ్గింది. ఉప్పాడలో ఇళ్ళు సముద్రంలో కలిసిపోవడం మీరే చూస్తున్నారు. 1996 నవంబరు తుపాను రాత్రిని మడ వెనక పల్లెల్లో గడిపినవాళ్ళు ఈ రోజు ఇక్కడ మన మధ్యే కూర్చున్నారు. ఆ చెట్లు ఏం చేశాయో నాకన్నా వాళ్ళే బాగా చెప్తారు. మైకు వాళ్ళకిస్తున్నాను.