నెమరు వేసే వేళకు వచ్చే మృగం

మిత్రులారా, నమస్కారం.

కాలంలో తిరుగుతూ జ్ఞాపకాలను వేటాడే కల్పిత మృగాల గురించి మాట్లాడమన్నారు. అలాంటి మృగం తిరిగే లోకాన్నొకదాన్ని కొన్నేళ్లుగా రాస్తున్నాను. అది జ్ఞాపకాలు తింటుందని చెప్పడం తేలిక. ఎప్పుడు తినగలదు, తిన్నాక ఏం మిగులుస్తుంది? నా కథ నిలబడింది ఈ రెండు ప్రశ్నల మీదే.

కాలానికి ఆకలి ఉందన్న ఊహ పాతదే. భారతంలో యక్షుడు ‘ఏమిటి వార్త?’ అని అడిగితే ధర్మరాజు చెప్పిన జవాబు గుర్తుందా? మోహమనే పెద్ద కటాహంలో, సూర్యుడు నిప్పుగా, రాత్రింబవళ్లు కట్టెలుగా, మాసాలూ ఋతువులూ గరిటెగా, కాలం ప్రాణులను వండుతోంది. అదే వార్త అన్నాడు. గ్రీకుల పురాణాల్లో చనిపోయినవాళ్లు లీథీ నది నీళ్లు తాగి గతాన్ని మరిచిపోతారు. రెండూ గొప్ప ఊహలే. కానీ కటాహం ఎవరినీ ఎంచుకోదు, నది ఎవరి వెంటా పడదు. వేటమృగం అలా కాదు. పొంచి ఉంటుంది, ఎంచుకుంటుంది, కడుపు నిండితే వెళ్లిపోతుంది.

నా మొదటి చిత్తుప్రతిలో ఈ తేడా పట్టించుకోలేదు. మృగం రాత్రి ఊరి మీద పడింది, తెల్లారేసరికి అందరూ అన్నీ మరిచిపోయారు. ఆ తర్వాత రెండు అధ్యాయాలకే కథ ఆగిపోయింది. అందరూ అన్నీ మరిచిపోతే, పోయిందని తెలిసేవాళ్లు ఎవరు? ఏడ్చేవాళ్లు ఎవరు?

పైగా అలాంటి మృగం బతకలేదు. వేటాడే ప్రాణుల సంఖ్యా వాటి ఆహారమయ్యే ప్రాణుల సంఖ్యా ఒకదాన్నొకటి ఎలా పెంచుతాయో, తుంచుతాయో 1925లో లోట్కా, 1926లో వోల్టెరా అనే గణితవేత్తలు ఎవరికి వారుగా సమీకరణాల్లో పెట్టారు. కెనడా మంచు అడవుల్లో కుందేళ్లూ, వాటిని తినే లింక్స్ పిల్లులూ సుమారు పదేళ్లకోసారి పెరిగి తరుగుతుంటాయి. కుందేళ్లు తగ్గాక కొద్ది కాలానికే లింక్స్‌లూ తగ్గుతాయి. జ్ఞాపకాల మృగానికీ ఇదే లెక్క. ఊరిని పూర్తిగా మేసేస్తే, కొత్త తరం పుట్టి, పెరిగి, ప్రేమించి, పోగొట్టుకునేదాకా అది పస్తుండాలి. అందుకే నా లోకంలో అది ముప్పై ఏళ్లకోసారి వస్తుంది. ఒక్కో మనిషి దగ్గరా ఒక్కటే తీసుకుంటుంది.

ఏ ఒక్కటి? ఇక్కడే నాకు చాలా కాలం పట్టింది. తాజా జ్ఞాపకాలను తింటే పెద్ద నష్టం లేదు. అవి ఎలాగూ నిలవవు. 1885లో ఎబ్బింగ్‌హాస్ అనే జర్మన్ మనస్తత్వవేత్త అర్థంలేని అక్షరాల కూర్పులను తానే బట్టీపట్టి, తన మరుపును తానే కొలిచి చూపించాడు. గంట గడిచేసరికి సగానికి పైగా జారిపోయింది. రాలిన ఆకులు ఏరుకునే ప్రాణిని వేటమృగం అనలేం.

జవాబు మన భాషలోనే దొరికింది. జ్ఞాపకాలను ‘నెమరు వేసుకోవడం’ అంటాం. ఆవు బయట గడ్డిని గబగబా మింగేస్తుంది, తర్వాత నీడన పడుకుని, మింగినదాన్ని మళ్లీ నోట్లోకి తెచ్చుకుని తీరిగ్గా నములుతుంది. మనం గతాన్ని తలుచుకునేదీ అలాగే. మింగినది మళ్లీ బయటికి వచ్చే ఆ కాసేపే, నా మృగం నోటికి అందుతుంది.

తర్వాత తెలిసింది, దీనికి ప్రయోగాల ఆధారం కూడా ఉందని. 2000లో నేడర్, షాఫ్, లెడూ అనే శాస్త్రవేత్తలు ఎలుకలకు ఒక శబ్దమంటే భయం నేర్పారు. మర్నాడు ఆ శబ్దం మళ్లీ వినిపించి, వెంటనే మెదడులో కొత్త ప్రోటీన్ల తయారీని ఆపే మందు ఇస్తే, ఆ భయం నిలవలేదు. శబ్దం వినిపించకుండా మందు ఒక్కటే ఇస్తే భయం చెక్కుచెదరలేదు. అంటే గుర్తుకొచ్చిన జ్ఞాపకం కొంతసేపు మెత్తబడి, మళ్లీ గట్టిపడాల్సి వస్తుంది. ఇది చదివిన రాత్రి నాకు నిద్ర పట్టలేదు.

ఈ ఒక్క నియమంతో నా లోకం మొత్తం మారిపోయింది. ఎక్కువగా ప్రేమించినదాన్నే ఎక్కువగా తలుచుకుంటాం, కాబట్టి దానికే ఎక్కువ ప్రమాదం. మృగం వచ్చే ఏడాది ఆ ఊళ్లో ఎవరూ పాత పాటలు పాడరు, పోయినవాళ్ల పేర్లు పలకరు. బిడ్డను పోగొట్టుకున్న తల్లి ఆ బిడ్డ ముఖాన్ని కాపాడుకోవాలని ఏడాదంతా ఒక్కసారి కూడా తలుచుకోదు. ఎన్నడూ తలుచుకోకుండా దాచుకున్నది ఉన్నట్టా, లేనట్టా? నేను ఇంకా ఆ తల్లి పక్కనే కూర్చుని ఉన్నాను. పక్కింటాయన మాత్రం కొడుకు చావును పదేపదే తలుచుకుంటూ, మృగం కోసం వాకిలి తెరిచి కూర్చుంటాడు. ఆయన్ని తప్పుపట్టడానికి నాకు మనసు రాదు.

ఇంకో నియమం కూడా పెట్టుకున్నాను. మృగం జరిగినదాన్ని చెరపలేదు, మనిషి దగ్గరున్న ప్రతిని మాత్రమే తినగలదు. సంఘటననే కాలంలోంచి మింగేస్తే ఆనవాలు ఉండదు. ఆనవాలు లేకపోతే కథ ఉండదు. భారతంలో దుష్యంతుడు శకుంతలను ఎరిగుండే ఎరగనంటాడు. శాపాన్నీ ఉంగరాన్నీ తెచ్చింది కాళిదాసు. చేప మింగిన ఉంగరం తిరిగొస్తే జ్ఞాపకమూ తిరిగొచ్చింది. నా లోకంలో ఉంగరం దొరుకుతుంది గానీ జ్ఞాపకం రాదు.

మరి మిగిలేది ఏమిటి? 1953లో మూర్ఛకు చేసిన శస్త్రచికిత్సలో హెన్రీ మొలైసన్ అనే యువకుడి మెదడులో రెండువైపులా, కొత్త జ్ఞాపకాలు నిలవడానికి అవసరమైన హిప్పోకాంపస్ అనే చోట చాలా భాగం తీసేశారు. 2008లో పోయేదాకా ఆయనకు కొత్త జ్ఞాపకాలు దాదాపుగా నిలవలేదు. అయినా అద్దంలో చూస్తూ నక్షత్రం గీయడం రోజురోజుకూ ఆయన చేతికి బాగా వచ్చింది. అంతకుముందెప్పుడూ గీయలేదనే అనుకునేవాడు. ఆ చేతిని తలుచుకునే నా నవలలో చివరి సన్నివేశం రాశాను.

మృగం ఒకామె దగ్గర కూతుర్ని తీసుకెళ్లిపోయింది. కూతురు ఎదురుగానే ఉంది, ఆమెకు మాత్రం ఎవరో పిల్ల. తల చిక్కుపడి ఉందని దగ్గర కూర్చోబెట్టుకుని జడ అల్లుతుంది. ఎడమ చెవి వెనక, జుట్టు కింద ఓ పాత గాటు ఉంది. అక్కడికి వచ్చేసరికి ఆమె వేళ్లు వాటంతటవే నెమ్మదించి, గాటును తప్పించుకుని పక్కకి జరుగుతాయి. ఆమెకు అది తెలియదు. పిల్లకు తెలుస్తుంది. కానీ మృగం ఇంకా వాకిట్లోనే ఉంది, ఇప్పుడు అమ్మను తలుచుకోకూడదు. అందుకని ఆ పిల్ల కదలకుండా కూర్చుని, ఎదురుగా గోడ మీది పగుళ్లను ఒక్కొక్కటే లెక్కపెడుతుంది.