గ్రీన్ కార్డ్ క్యూకి మూలపురుషుడు: ఇమాన్యుయెల్ సెల్లర్ కథ

[స్క్రీన్ మీద: ఫోన్‌లో వీసా బులెటిన్. వేలు కిందికి జరుపుకుంటూ వచ్చి "ఇండియా" గడి దగ్గర ఆగుతుంది.]

అమెరికాలో మీ వాళ్ళెవరైనా ఉంటే ఈ మాట చెవిన పడే ఉంటుంది: "డేట్ కదిలిందా?"

అమెరికాలో శాశ్వతంగా ఉండేందుకు ఇచ్చే గ్రీన్ కార్డ్ కోసం ఏ తేదీ దాకా దరఖాస్తు పెట్టుకున్నవాళ్ళ వంతు వచ్చిందో చెప్పే వీసా బులెటిన్ నెలకోసారి వస్తుంది. ఇండియా గడిలో తేదీ నాలుగు వారాలు ముందుకు జరిగితే వాట్సాప్ గ్రూపులో పండగ. వెనక్కి పోతే ఆ పూట అన్నం సయించదు.

ఈ క్యూ ఎక్కణ్ణుంచి వచ్చిందో చెప్పాలంటే, అసలు మనకు ఆ దేశం తలుపు ఎవరు తీశారో కూడా చెప్పాలి. ఎందుకంటే రెండూ ఒకే మనిషి దగ్గరికి తీసుకెళ్తాయి. పేరు ఇమాన్యుయెల్ సెల్లర్. తెలిసినవాళ్ళకి మానీ. న్యూయార్క్‌లోని బ్రూక్లిన్ నుంచి 1923 మార్చిలో అమెరికా ప్రతినిధుల సభలోకి వచ్చాడు, 1973 జనవరిలో దిగాడు. యాభై ఏళ్ళకు రెండు నెలలు తక్కువ.

(ముందే ఒక మాట. ఈ వీడియోలో "కాంగ్రెస్" అంటే వాళ్ళ పార్లమెంటు. సెల్లర్ పార్టీ డెమొక్రాటిక్ పార్టీ. కామెంట్లలో కొట్టుకోకండి.)

[స్క్రీన్ మీద: పాత బ్రూక్లిన్ వీధి, నలుపు తెలుపు ఫొటో.]

1888లో పుట్టాడు. యూదు కుటుంబం. నాన్నది విస్కీ వ్యాపారం, ఇంటి కింద నేలమాళిగలో విస్కీ ట్యాంకు ఉండేది. వ్యాపారం దెబ్బతింది. తర్వాత ఆయన ఇంటింటికీ తిరిగి వైన్ అమ్మాడు. మానీ కొలంబియా యూనివర్సిటీలో చేరిన కొత్తలోనే తండ్రి పోయాడు, ఐదు నెలలకు తల్లి పోయింది. ఇల్లు ఆ కుర్రాడి నెత్తిన పడింది. పొద్దున కాలేజీ, మధ్యాహ్నం నుంచి రాత్రి ఏడు దాకా నాన్న వదిలేసిన ఇళ్ళకే వెళ్ళి వైన్ అమ్మకం. అలాగే లా పూర్తి చేశాడు.

ఆయన సభలో అడుగుపెట్టిన 1923లోనే, ఫిబ్రవరిలో, మనకు సంబంధించిన తీర్పు ఒకటి వచ్చింది. భగత్ సింగ్ థింద్ అనే పంజాబీ మొదటి ప్రపంచ యుద్ధంలో అమెరికా సైన్యంలో పనిచేసి పౌరసత్వం అడిగాడు. భారతీయులు "తెల్లవాళ్ళు" కారు, కాబట్టి పౌరసత్వానికి అర్హత లేదని అక్కడి సుప్రీంకోర్టు తేల్చేసింది.

మరుసటి ఏడాది వచ్చింది అసలు చట్టం, జాన్సన్ రీడ్ చట్టం. ఇందులో మెలిక చూడండి. ఒక్కో దేశం నుంచి ఏడాదికి ఎంతమందిని రానివ్వాలి? అమెరికాలో అప్పటికే ఉన్న ఆ దేశస్థుల్లో 2 శాతం. వినడానికి బాగానే ఉంది. కానీ 1924లో కూర్చుని లెక్కకు ఏ జనాభా లెక్కలు తీసుకున్నారో తెలుసా? 1890వి! ఇటలీ వాళ్ళు, తూర్పు యూరప్ యూదులు గుంపులుగా వచ్చింది 1890 తర్వాత. అంటే వాళ్ళు రాకముందు తీసిన ఫొటో చూపించి, "ఇందులో మీరు లేరుగా" అన్నట్టు. ఇటలీ కోటా 42,057 నుంచి ఒక్క దెబ్బతో 3,845కు పడిపోయింది. ఆసియా వాళ్ళకైతే ఆ మాత్రం కూడా లేదు, తలుపు మూసేశారు.

సెల్లర్‌కు ఓట్లేసిన వీధులు ఆ ఇటాలియన్లు, యూదులవే. కొత్త సభ్యుడు, మాట చెల్లే వయసు కాదు. అయినా లేచి గట్టిగా ఎదిరించాడు. ఓడిపోయాడు. ఈ కోటాలు పోవడానికి 41 ఏళ్ళు పట్టింది. అన్నాళ్ళూ ఆయన ఆ సభలోనే ఉన్నాడు.

ఆ కోటాలు ఎంత ఖరీదైనవో 1930ల్లో తెలిసొచ్చింది. హిట్లర్ నుంచి పారిపోతున్న యూదుల్లో చాలామందికి అమెరికా వీసా దొరకలేదు. విదేశాంగ శాఖ అధికారులు కావాలనే ఫైళ్ళు తొక్కిపెడుతున్నారని సెల్లర్ బహిరంగంగా దుమ్మెత్తిపోశాడు.

[స్క్రీన్ మీద: 1946 జులై 2. అధ్యక్షుడు ట్రూమన్ సంతకం.]

ఇక మన సంగతి. కనెటికట్ రిపబ్లికన్ సభ్యురాలు క్లేర్ బూత్ లూస్‌తో కలిసి సెల్లర్ ఒక బిల్లు పట్టుకున్నాడు. బయటి నుంచి జె. జె. సింగ్ అనే న్యూయార్క్ వ్యాపారి, ఇండియా లీగ్ నాయకుడు, ఆఫీసు ఆఫీసుకీ తిరిగి మద్దతు కూడగట్టాడు. 1946లో లూస్ సెల్లర్ చట్టం అయింది. భారతీయులు పౌరసత్వం తీసుకోవచ్చు. ఏడాదికి ఎంతమంది రావచ్చు? వంద.

అవును, వంద. మొత్తం దేశానికి. మూడు ఆర్టీసీ బస్సుల్లో సరిపోతారు.

కానీ ఆ పౌరసత్వం మాట చిన్నది కాదు. దలీప్ సింగ్ సౌంద్ అనే పంజాబీ రైతు ఆ చట్టం వల్లే 1949లో పౌరుడయ్యాడు, 1956లో కాలిఫోర్నియా నుంచి గెలిచి సెల్లర్ ఉన్న సభలోనే వచ్చి కూర్చున్నాడు.

1949లో సెల్లర్ సభలోని జ్యుడీషియరీ (న్యాయ వ్యవహారాల) కమిటీ ఛైర్మన్ అయ్యాడు. మధ్యలో రెండేళ్ళు తప్ప చివరిదాకా ఆ కుర్చీ ఆయనదే. మన స్పీకర్ అంత పెద్ద పేరేం కాదు గానీ, బిల్లు బతకాలన్నా చావాలన్నా ఆ గదిలోనే. పెద్ద కంపెనీలు చిన్నవాటిని మింగకుండా 1950లో ఒక చట్టం తెచ్చాడు. 1964 పౌరహక్కుల చట్టం ఆ కమిటీలోంచే వచ్చింది. ఒహాయో రిపబ్లికన్ విలియం మెక్‌కలక్‌ను పక్కన కూర్చోబెట్టుకుని నడిపాడు. ఇద్దరికీ పార్టీ పడదు, పని మాత్రం పడింది.

ఇక్కడే ఆయన లోపం కూడా కనిపిస్తుంది. ఆ బిల్లులో వివక్ష చూపకూడని కారణాల్లో జాతి, మతంతో పాటు "లింగం" అనే మాట చేర్చాలన్నప్పుడు సెల్లర్ వద్దన్నాడు. పైగా జోకు: మా ఇంట్లో చివరి మాట ఎప్పుడూ నాదే, ఆ మాట "సరే డియర్" అని. సభ నవ్వింది. అయినా "లింగం" అనే మాట బిల్లులోకి ఎక్కింది. స్త్రీల సమాన హక్కుల రాజ్యాంగ సవరణను కూడా ఏళ్ళ తరబడి కమిటీ గడప దాటనివ్వలేదు. 1970లో మార్తా గ్రిఫిత్స్ అనే సభ్యురాలు సంతకాలు సేకరించి ఆయన చేతుల్లోంచి లాక్కోవాల్సి వచ్చింది.

[స్క్రీన్ మీద: లిబర్టీ విగ్రహం. 1965 అక్టోబర్ 3.]

విగ్రహం పాదాల దగ్గర బల్ల వేసుకుని అధ్యక్షుడు జాన్సన్ సంతకం పెట్టాడు. హార్ట్ సెల్లర్ చట్టం. 1924 కోటాలు పోయాయి. 36 ఏళ్ళప్పుడు ఓడిన మనిషి 77 ఏళ్ళకు గెలిచాడు.

తమాషా ఏమిటంటే, ఆసియా నుంచి పెద్దగా ఎవరూ రారని సెల్లర్ స్వయంగా సభకు భరోసా ఇచ్చాడు. అక్కడ బంధువులు లేనివాళ్ళు ఎలా వస్తారు అని ఆయన లెక్క. అబద్ధం చెప్పాడని నేను అనుకోను. ఆయన మనసులో ఉన్నది బ్రూక్లిన్ ఇటాలియన్లు, యూదులు. గుంటూరు, విశాఖ మెడికల్ కాలేజీలు ఆయనకేం తెలుసు?

చట్టంలో నాలుగింట మూడొంతుల దాకా చోటు కుటుంబాలకిచ్చి, 10 శాతం మాత్రం వృత్తి నిపుణులకు ఉంచారు. అదే ఏడాది వృద్ధులకు ప్రభుత్వ ఆరోగ్య బీమా ఇచ్చే మెడికేర్ పథకం వచ్చి ఆసుపత్రులకు డాక్టర్లు చాలలేదు. మన డాక్టర్లు, ఇంజనీర్లు ఆ సన్న సందులోంచి లోపలికి వెళ్ళారు. తర్వాత భార్య, పిల్లలు, తమ్ముడు, బావమరిది. కుటుంబాలకు పెద్దపీట వేస్తే పాత యూరప్ వాళ్ళే వస్తారనుకున్నవాళ్ళు మన చుట్టరికాల సంగతి ఊహించలేదు.

మరి క్యూ? 1965 చట్టంలో న్యాయం ఏమిటంటే, తూర్పు అర్ధగోళంలో ఏ దేశమైనా ఒకటే, ఏడాదికి గరిష్ఠంగా 20,000. పెద్ద దేశం, చిన్న దేశం తేడా లేదు. 1924తో పోలిస్తే అది విప్లవమే. 1990లో దాన్ని, ఏడాదికిచ్చే వీసాల్లో ఏ దేశానికైనా 7 శాతం అనే పరిమితిగా మార్చారు. సూత్రం అదే: ఇండియాకీ ఐస్‌లాండ్‌కీ ఒకే గరిటె. అడిగేవాళ్ళు ఎక్కువున్న దేశానికి క్యూ మిగులుతుంది. పొద్దున మీరు తిట్టుకున్న ఆ బులెటిన్‌లో ఉన్నది సెల్లర్ సమానత్వమే.

[స్క్రీన్ మీద: 1972 జూన్, బ్రూక్లిన్.]

84 ఏళ్ళు వచ్చాయి. పార్టీ టికెట్ కోసం జరిగే ప్రైమరీ ఎన్నికలో ఎలిజబెత్ హోల్ట్‌జ్‌మన్ అనే 30 ఏళ్ళ లాయరు పోటీకి దిగింది. వాషింగ్టన్ స్మారక స్తంభాన్ని టూత్‌పిక్‌తో పడగొట్టాలని చూస్తోందని ఎగతాళి చేశాడు. ఆమె సినిమా హాళ్ళ ముందు టికెట్ల క్యూల్లో నిలబడ్డవాళ్ళ దగ్గరికి ఒక్కొక్కరి దగ్గరికీ వెళ్ళి ఓటడిగింది. ఈయన నియోజకవర్గంలో కనిపించడని చెప్పింది. సుమారు 600 ఓట్ల తేడాతో టూత్‌పిక్ గెలిచింది.

రెండేళ్ళకు నిక్సన్ అభిశంసన విచారణ అదే జ్యుడీషియరీ కమిటీలో జరిగింది. దేశమంతా టీవీల ముందు. ఛైర్మన్ కుర్చీలో పీటర్ రొడినో, సభ్యుల వరసలో హోల్ట్‌జ్‌మన్. సెల్లర్ 1981 జనవరిలో బ్రూక్లిన్‌లోనే కన్నుమూశాడు, 92 ఏళ్ళకు. అంతకు కొన్ని నెలల ముందే అమెరికాకు కొత్త శరణార్థుల చట్టం వచ్చింది. సభలో దాన్ని నడిపించిన వలస వ్యవహారాల ఉపసంఘానికి అధ్యక్షురాలు ఎలిజబెత్ హోల్ట్‌జ్‌మన్.