గొర్రెలకు మేలేమిటి?

శ్రోతలకు నమస్కారం. ఆదివాసుల మీద డాక్యుమెంటరీ తీసేవారు వారితో కలిసి ఎలా పనిచేయాలన్నదే ఈ రోజు నా మాట.

1966లో అమెరికాలోని అరిజోనా రాష్ట్రంలో, పైన్ స్ప్రింగ్స్ అనే చోట నవాహో ఆదివాసులకు సినిమా తీయడం నేర్పుతామంటూ సోల్ వర్త్, జాన్ అడెయిర్ అనే ఇద్దరు పరిశోధకులు వెళ్లారు. అక్కడి పెద్దాయన ఒకరు అంతా విని, సినిమాలు తీస్తే గొర్రెలకేమైనా హాని జరుగుతుందా అని అడిగాడు. జరగదన్నారు. మరి మేలు జరుగుతుందా అన్నాడు. అదీ లేదన్నారు. అలాంటప్పుడు తీయడం దేనికి అన్నాడాయన.

ఈ మాట విని చాలామంది నవ్వుతారు. నాకు నవ్వు రాదు. గొర్రెలే బతుకైన మనిషి, ఈ పని వల్ల బాగుపడేది ఎవరని అడిగాడు. తీసినవారికి పేరు వస్తుంది, పదవి వస్తుంది. తెర మీద కనిపించినవారికో?

ఉత్తర ధ్రువ ప్రాంతపు ఆదివాసులైన ఇన్యూట్ల మీద తీసిన డాక్యుమెంటరీ 'నానూక్ ఆఫ్ ది నార్త్' 1922లో విడుదలైంది. అప్పటికే తుపాకులు వాడుతున్న ఇన్యూట్లు అందులో ఈటెలతో వాల్రస్ అనే సముద్ర జంతువును వేటాడతారు. లోపల వెలుతురు చాలక మంచు ఇంటిని సగమే కట్టించారు. దర్శకుడు ఫ్లాహర్టీని ఇందుకు నేటికీ తప్పుపడతారు. అయితే వేట ఏర్పాట్లు చూసినదీ, ఫిలిం కడగడంలో సాయపడినదీ ఆ ఇన్యూట్లే. చెమట పంచుకున్నారు కానీ, అధికారం పంచుకోలేదు.

దీని పక్కన బ్రెజిల్ అనుభవం పెట్టి చూడండి. 1980ల చివర్లో, ఆదివాసులతో కలిసి వీడియోలు తీసే 'విడియో నాస్ అల్డెయాస్' బృందం నంబిక్వారా తెగవారి ఊళ్లో, ఈడేరిన అమ్మాయికి చేసే వేడుకను చిత్రీకరించి వారికే చూపించింది. వారికి నచ్చలేదు. ఒంటి మీద అంగడి బట్టలు ఎక్కువగా ఉన్నాయన్నారు. పాతకాలపు అలంకరణతో వేడుక మళ్లీ జరిపి, మళ్లీ తీయించుకున్నారు. అంతటితో ఆగక, ఇరవై ఏళ్లుగా మానేసిన, మగపిల్లలకు ముక్కు కుట్టే ఆచారాన్ని కూడా కెమెరా ముందు జరిపించారు.

చూడబోతే ఇదీ ఫ్లాహర్టీ చేసిన పనే: పాత వేషం వేయించి తీయడం. కానీ అక్కడ అలా కావాలన్నది కెమెరా పట్టినవాడు, ఇక్కడ కావాలన్నది తెర మీద తమను తాము చూసుకున్నవారు. నిజమైన డాక్యుమెంటరీ అంటే ఉన్నది ఉన్నట్టు తీయడమేనని వాదించేవారికి ఇది మింగుడుపడదు. నాకు మాత్రం ఆ రెండోసారి తీసిన వేడుకే ఎక్కువ నిజమనిపిస్తుంది.

అందుకే ఉమ్మడి పని అంటే కెమెరా వారి చేతికివ్వడం ఒక్కటే కాదు. అసలు పేచీ ఎడిటింగ్ దగ్గర వస్తుంది. మొదటి రోజు కాగితం మీద తీసుకున్న సంతకం చాలదు. కూర్చిన చిత్రాన్ని వారి భాషలో వివరించి, మళ్లీ అడగాలి. ఊరంతటికీ ఒకే నోరు ఉండదు కాబట్టి, ఒకరు సరేనంటే అందరూ సరేనన్నట్టు కాదు. ఆస్ట్రేలియాలోని అనేక ఆదివాసీ సమాజాల్లో చనిపోయినవారి పేరు పలకరు, బొమ్మ చూపరు. అందుకే అక్కడి చిత్రాల ముందు హెచ్చరిక వేస్తారు. అంటే విడుదలయ్యాక కూడా దర్శకుడి బాధ్యత తీరదు.

ఇక పేరు సంగతి. 1968 డిసెంబరులో కెనడాలోని కార్న్‌వాల్ దగ్గర మోహాక్ ఆదివాసులు అంతర్జాతీయ వంతెనను అడ్డగించారు. ఆ నిరసన మీద మరుసటి ఏడాది వచ్చిన చిత్రానికి దర్శకుడిగా చాలాకాలం మరొకరి పేరే చెలామణి అయింది. మోహాక్ అయిన మైక్ కనెంటకెరోన్ మిచెల్ పేరు 2017లో గానీ ఆ స్థానంలోకి రాలేదు. ఆ రోజు వంతెన మీద ముందు నిలబడిందీ, కెమెరాలను పిలిపించిందీ ఆయనే.