ట్రామ్‌లో డ్రైవర్ ఉన్నాడు: ఫిలిప్పా ఫుట్ అసలేమన్నారు?

[తెరపై: రెండుగా చీలిన పట్టాలు. ఒకవైపు ఐదుగురు, ఇంకోవైపు ఒక్కరు.]

ఈ బొమ్మ మీరు చూసే ఉంటారు. అదుపు తప్పిన ట్రామ్, పట్టాల పక్కన లివర్ పట్టుకుని ఒక మనిషి. ట్రామ్ అలాగే పోతే ఐదుగురు చస్తారు, పక్క పట్టాలకు తిప్పితే ఒక్కరు. కానీ 1967లో తత్వవేత్త ఫిలిప్పా ఫుట్ రాసిన వ్యాసంలో ఆ లివర్ మనిషి లేడు. ఉన్నది ట్రామ్ డ్రైవర్. పైగా ఆ వ్యాసం గర్భస్రావం గురించి. ట్రామ్ అందులో ఒక ఉదాహరణ మాత్రమే.

[తెరపై: న్యాయమూర్తి, బయట అల్లరిమూక.]

దాని పక్కనే ఇంకోటి పెట్టారామె. మూక చేతిలో ఐదుగురు బందీలున్నారు. ఒక నేరానికి శిక్ష పడకపోతే వాళ్లను చంపుతామంటోంది. నేరం చేసినవాడు దొరకలేదు. జడ్జి ఒక అమాయకుణ్ణి ఇరికించి శిక్ష వేయిస్తే ఐదుగురూ బతుకుతారు. లెక్క ట్రామ్‌లో ఉన్నదే. మరి డ్రైవర్‌ని సరేనని, జడ్జిని ఛీ అంటామెందుకు?

హాని చేయకూడదన్నది ఒక బాధ్యత, సాయం చేయాలన్నది ఇంకో బాధ్యత. మొదటిదే గట్టిదని ఫుట్ వాదన. డ్రైవర్ ట్రామ్‌ను ఎటు నడిపినా చంపేది తనే, కాబట్టి తక్కువమందికి హాని జరిగే దారి పట్టొచ్చు. జడ్జి ఊరుకుంటే చంపేది మూక, ఆయన కాదు. మందు ఉదాహరణ ఇంకా తేట. ఒక రోగికి మందంతా కావాలి, మరో ఐదుగురికి తలా ఐదో వంతు చాలు. ఐదుగురికీ ఇవ్వొచ్చు, ఎందుకంటే రెండువైపులా ఉన్నది సాయమే. అదే, ఒకణ్ణి చంపి వాడి శరీరం నుంచి మందు తీయాలంటే కుదరదు.

[తెరపై: డ్రైవర్ మాయమై, లివర్ దగ్గర బాటసారి.]

చిక్కు ఇక్కడ మొదలైంది. జూడిత్ జార్విస్ థామ్సన్ అనే మరో తత్వవేత్త 1985లో డ్రైవర్ స్థానంలో బాటసారిని నిలబెట్టారు. ఇతను ఊరుకుంటే ఎవరినీ చంపినట్టు కాదు. ఫుట్ సూత్రం ప్రకారమైతే లివర్ ముట్టకూడదు, చాలామందికేమో తిప్పొచ్చనే అనిపిస్తుంది. 2008లో థామ్సనే మనసు మార్చుకుని, తిప్పకూడదన్నారు. బాటసారి బొమ్మ చూపించి ఫుట్ పేరు చెప్పే వీడియోలు ఈ తేడానే మింగేస్తాయి.

[తెరపై: ఆక్స్‌ఫర్డ్, సోమర్‌విల్ కాలేజీ.]

1920లో ఇంగ్లండ్‌లో పుట్టిన ఫుట్ ఇక్కడే చదివి, ఇక్కడే పాఠం చెప్పారు. తర్వాత చాలా ఏళ్లు లాస్ ఏంజెలస్‌లో బోధించారు. నీతి అంటే ఎవరి వైఖరి వారిదేనన్న వాదం అప్పట్లో ఆక్స్‌ఫర్డ్‌లో బలంగా ఉండేది. 1950లలో ఆమె దాన్ని ఒక వింత ఉదాహరణతో కదిపారు: గంటకు మూడుసార్లు చేతులు జోడించడం మంచి పని అంటే ఎవరికైనా అర్థమవుతుందా? దాని వల్ల ఎవరికో ఏదో మేలుందని చూపిస్తే తప్ప, అది నీతి మాటే అనిపించదు.

1972లో మాత్రం తన దారికే అడ్డం తిరిగారు. నీతి పట్టనివాణ్ణి చెడ్డవాడు అనొచ్చు గానీ తర్కం తప్పాడని అనలేమన్నారు. నా దృష్టిలో ఆమె రాసినవాటిలో అత్యంత ధైర్యమైన వ్యాసం అదే. ఆ మాటను తర్వాత తనే వెనక్కి తీసుకున్నారు.

[తెరపై: తోడేళ్ల మంద వేట.]

80 ఏళ్ల వయసులో, 2001లో వెలువడిన ‘నేచురల్ గుడ్‌నెస్’లో ఒక తోడేలు వస్తుంది. మంద తెచ్చింది తింటుంది, వేటకు మాత్రం రాదు. తోడేళ్ల బతుకు ఎలా సాగుతుందో తెలిస్తే చాలు, దానిలో లోపముందని చెప్పొచ్చు. మాట తప్పే మనిషిలోనూ అలాంటి లోపమే ఉందంటారు ఫుట్, మాట మీద నమ్మకం లేనిదే మనుషుల బతుకు సాగదు కాబట్టి. వాడు హాయిగా బతికేస్తున్నా సరే, ఆ లోపం పోదు. జీవపరిణామం నీతిని నిర్ణయిస్తుందని ఆమె అన్నట్టు చదివేవాళ్లున్నారు. ఆ పుస్తకంలో ప్రశ్న జన్యువులు ఎలా నిలుస్తాయన్నది కాదు, మనిషి బాగా బతకడానికి ఏం కావాలన్నది.