మల్లె, గంధరాజం, రేరాణి: వాసన ఇంట్లోకి రావాలంటే ఎక్కడ నాటాలి, ఎప్పుడు నాటాలి?

[తెరపై: సాయంత్రం వెలుగు. గోడవారన మల్లె పొద, ఇంకా విచ్చని మొగ్గలు.]

మొక్క కొనేటప్పుడు పువ్వు చూసి కొంటాం. ఇంటికి తెచ్చాక ఎక్కడ ఖాళీ ఉంటే అక్కడ గొయ్యి తీస్తాం. రెండేళ్లకు పొద గుబురుగా పూస్తుంది, వాసన మాత్రం పక్కింటివాళ్లకి పోతుంది!

కాబట్టి పార పట్టుకునే ముందు ఒక మాట. ఈ పూలకు వేళలున్నాయి. మల్లె మొగ్గ విచ్చేది పొద్దువాలాక. రేరాణి, అదే నైట్ క్వీన్, చీకటి పడితే గానీ వాసన వదలదు. పారిజాతం రాత్రి పూసి తెల్లారేసరికి రాలిపోతుంది. ఇవన్నీ తెల్లగా ఉండడానికీ, రాత్రిపూట ఘుమఘుమలాడడానికీ కారణం ఒకటే: చీకట్లో తిరిగే సీతాకోకల్లాంటి పురుగుల్ని పిలుచుకోవాలి కదా.

మరి మీరు ఇంటి బయట కూర్చునేది ఏ వేళ? సాయంత్రం గుమ్మం దగ్గర కూర్చునే అలవాటుంటే అక్కడ మల్లె. తెల్లవారుజామునే లేచేవాళ్లయితే నడిచే దారి పక్కన పారిజాతం. ఆ వేళకి గాలి ఎటునుంచి వీస్తుందో గమనించి, ఆ వైపున నాటండి. రెండు గోడలు కలిసే మూల ఇంకా మంచిది, అక్కడ వాసన చెదిరిపోకుండా నిలుస్తుంది.

రేరాణి సంగతి నా అనుభవంతో చెబుతాను. పడకగది కిటికీ కింద నాటాను, ఎంత తెలివైన పనో అనుకుంటూ. విరగబూసిన మొదటి వారం తలనొప్పి తట్టుకోలేక కిటికీ మూసుకుని పడుకున్నాం. ఇప్పుడైతే దాన్ని ఇంటికి పది పదిహేను అడుగుల దూరంలోనే పెడతాను. పైగా దాని ఆకులు, తెల్లటి కాయలు అన్నీ విషమే. చిన్నపిల్లలున్న ఇంట్లో అసలు వద్దంటాను.

ఎండ కూడా చూసుకోవాలి. మల్లెకి రోజుకి కనీసం 6 గంటల ఎండ కావాలి. నీడలో పెడితే ఆకు తప్ప పువ్వు చూడరు. గంధరాజానికి పొద్దుటి ఎండ, మధ్యాహ్నం నీడ ఉంటే సుఖం.

[తెరపై: తడిసిన నేల, పార.]

ఎప్పుడు నాటాలి? వేరు కుదురుకోవడానికి కొన్ని వారాలు పడుతుంది. ఆ వారాల్లో మండే ఎండ గానీ గడ్డకట్టే చలి గానీ ఉండకూడదు. వానల మీద ఆధారపడే చోట రెండు మూడు మంచి వానలు పడి నేల లోపలిదాకా నానాక నాటండి. మంచు కురిసే చోట చలి పూర్తిగా పోయాక. నడివేసవిలో కొన్నారా, దాన్ని కుండీలోనే కాపాడుకోండి, తొందరేం లేదు. ఏ రోజు నాటినా సాయంత్రం నాటండి, రాత్రంతా మొక్క సేదతీరుతుంది.

గొయ్యి తీయగానే నీళ్లు నింపి చూడండి. మర్నాడు పొద్దున్నకీ నీళ్లు అలాగే నిలిచి ఉంటే అక్కడ వేరు కుళ్లిపోతుంది. మట్టి పోసి మిట్ట చేసి దానిమీద నాటాలి, లేదా చోటు మార్చాలి. మల్లెకి 45 సెంటీమీటర్ల గొయ్యి, మొక్కకీ మొక్కకీ మీటరున్నర దూరం. తీసిన మట్టిలో మూడో వంతు బాగా మాగిన పశువుల ఎరువు కలపండి. పచ్చిపేడ వద్దు, వేళ్లు మాడతాయి.

[తెరపై దగ్గరగా: కవరు కోయడం, అడుగున చుట్టుకున్న వేళ్లు.]

ఇక్కడ చూడండి. కవరు కోస్తే అడుగున వేళ్లు తాడు చుట్టినట్టు ఉన్నాయి. ఇలాగే నాటితే నేలలో కూడా అవి గుండ్రంగానే తిరుగుతాయి. చేతివేళ్లతో వాటిని మెల్లగా విడదీయండి, మరీ బిగుసుకుంటే కత్తితో పక్కల రెండు మూడు గాట్లు పెట్టండి. ఇప్పుడు గొయ్యి మీద అడ్డంగా ఒక కర్ర పెట్టాను. మొక్క మట్టిగడ్డ పైభాగం ఈ కర్రకి సరిగ్గా తగలాలి. లోతుగా నాటితే గట్టిగా నిలబడుతుందనుకుని నేనొక గంధరాజాన్ని పోగొట్టుకున్నాను, కాండం మొదలు కుళ్లిపోయింది.

మట్టి నింపి, పాదు చేసి, నిదానంగా ఒక బకెట్ నీళ్లు. పైన రెండు మూడంగుళాల మందాన ఎండాకులు కప్పండి, కాండానికి మాత్రం తగలనివ్వకండి. తర్వాత రోజూ గుడ్డిగా నీళ్లు పోయొద్దు. మట్టిలో వేలు పెట్టి, రెండంగుళాల లోపల పొడిగా ఉంటేనే పోయండి.

గంధరాజం నాటగానే మొగ్గలు రాల్చేస్తుంది. కంగారు పడకండి, చోటు మారితే దానికి అలకే. కానీ ఆకు పసుపెక్కి ఈనెలు మాత్రం పచ్చగా ఉన్నాయంటే కథ వేరు. నేలలో సున్నం ఎక్కువై మొక్క ఇనుము తీసుకోలేకపోతోందన్నమాట. దానికి పులుపు నేల ఇష్టం, నేల పులుపుని కొలిచే పీహెచ్ 5 నుంచి 6 దాకా ఉండాలి. మీ నేల అలా లేకపోతే కుండీలో వేరే మట్టి కలిపి పెంచడమే మేలు.

[తెరపై: ఆకు రాల్చిన మల్లె, కత్తెర.]

చివరగా కత్తెర. మల్లె పూసేది కొత్త చిగురు మీదే. చలికాలం చివర్లో మోకాలి ఎత్తుకి కత్తిరించేయండి, జాలి పడొద్దు. కోసిన కొమ్మల్లో పెన్సిల్ మందం ఉన్నవాటిని జానెడు ముక్కలుగా చేసి తడి ఇసుకలో గుచ్చండి, నీడలో ఉంచండి. వానలొచ్చే వేళకి మీ దగ్గర ఇంకో నాలుగు మొక్కలుంటాయి.