హ్యూమిడిఫయర్‌కు మంచినీళ్లు మంచివేనా?

[దృశ్యం: నల్లటి టీవీ బల్ల. వేలితో రాస్తే తెల్లటి పొడి మీద గీత పడుతుంది.]

ఈ తెల్లటి పొడి చూశారా? మొదటిసారి చూసినప్పుడు గోడ సున్నం రాలుతోందేమో అనుకున్నాను. తుడిచాను. మర్నాడు పొద్దున్నకల్లా మళ్లీ అంతే పేరుకుంది. గోడల వంక, పైకప్పు వంక అనుమానంగా చూస్తూ మూడు రోజులు గడిపాక గానీ, గది గాలిలో తేమ పెంచడానికి పక్కనే బుద్ధిగా పొగమంచు వదులుతున్న హ్యూమిడిఫయర్ మీదికి నా చూపు పోలేదు. నా అనుమానం మరీ తప్పేమీ కాదు లెండి. అది సున్నం జాతి పొడే. కాకపోతే గోడలోంచి కాదు, నీళ్లలోంచి వచ్చింది.

కొళాయి నీళ్లలోనూ బోరు నీళ్లలోనూ కాల్షియం, మెగ్నీషియం లవణాలు కరిగి ఉంటాయి. తాగడానికి వాటితో ఇబ్బంది లేదు. కొంత ఉంటేనే నీటికి రుచి. అందుకే వాటిని మంచినీళ్లు అంటాం. ఆ మాటే ఇక్కడ మనల్ని తికమక పెడుతుంది. కడుపులోకి వెళ్లే లవణం వేరు, ఊపిరితోపాటు లోపలికి వెళ్లే లవణం వేరు.

కాబట్టి ఏ నీళ్లు పోయాలని అడిగే ముందు, మీ దగ్గరున్నది ఏ రకం యంత్రమో చూడండి. నీరు గాలిలో కలిశాక అందులోని లవణాలు ఎక్కడ మిగులుతాయన్నది దాన్ని బట్టే ఉంటుంది.

[దృశ్యం: తొట్టె అడుగున గుండ్రటి చిన్న పలక. దాని పైన నీరు ఉబికి, పొగలా లేస్తోంది.]

చాలా ఇళ్లలో కనిపించేది అల్ట్రాసోనిక్ రకం. పెద్దగా చప్పుడు చేయదు, చల్లటి పొగమంచు కంటికి కనబడేలా వదులుతుంది. అడుగున నాణెమంత పలక సెకనుకు సుమారు 17 లక్షల సార్లు కంపిస్తుంది. ఆ అదురుకు నీరు సన్నటి తుంపరగా చెదిరి పైకి లేస్తుంది. యంత్రంలో నీరు ఆవిరి కావడం లేదన్నది గమనించండి. నీరు నీరుగానే చిట్లుతోంది. ప్రతి తుంపరా తన వంతు లవణాన్ని మోసుకెళ్తుంది. గాలిలో నీరు ఆరిపోయి, లవణం ధూళిగా మిగులుతుంది. కొంత బల్ల మీద వాలుతుంది, కొంత తేలుతూనే ఉంటుంది. గదిలో గాలి నాణ్యత చూపే మీటరు ఉంటే, కాసేపటికే అందులో ధూళి అంకె పెరగడం మీరే చూడవచ్చు.

[తెరపై: 300 మిల్లీగ్రాములు × 3 లీటర్లు = 900 మిల్లీగ్రాములు]

చిన్న లెక్క వేద్దాం. మీ నీళ్లలో లీటరుకు 300 మిల్లీగ్రాముల లవణాలు ఉన్నాయనుకోండి. యంత్రం రాత్రంతా నడిచి మూడు లీటర్లు ఖాళీ చేసిందనుకోండి. దాదాపు ఒక గ్రాము పొడి గదిలోకి వెళ్లింది. గ్రాము ఎంతని అనిపించవచ్చు. అదే ఒక గ్రాము సుద్దముక్కను మెత్తగా నూరి, తలుపులు మూసిన పడకగదిలో ఎగరేయమంటే ఎవరైనా ఒప్పుకుంటారా? ఆస్తమా ఉన్నవాళ్లు, పసిపిల్లలు ఉన్న గది అయితే ఇంకా జాగ్రత్త అవసరం.

ఈ రకానికి సరైనది డిస్టిల్డ్ వాటర్. నీటిని మరిగించి, ఆవిరిని చల్లార్చి పట్టిన నీరు కాబట్టి లవణాలు వెనక పాత్రలోనే ఉండిపోతాయి. అమెరికా పర్యావరణ పరిరక్షణ సంస్థ కూడా ఇలాంటి యంత్రాలకు లవణాలు తక్కువగా ఉన్న నీటినే సూచిస్తోంది.

రోజూ కొనలేమంటే, ఆర్‌ఓ నీళ్లు తరువాతి మెట్టు. ఆర్‌ఓ పొర లవణాల్లో చాలా భాగాన్ని ఆపేస్తుంది. కానీ ఒక మెలిక ఉంది. ఇంట్లో వాడే చాలా ఆర్‌ఓ యంత్రాలు రుచి కోసం లవణాలను తిరిగి కలుపుతాయి. ఈ చేత్తో తీసి ఆ చేత్తో వేసినట్టు! నీళ్లలో కరిగిన లవణాలను కొలిచే టీడీఎస్ మీటరు ముంచి చూస్తే విషయం తెలుస్తుంది. అంకె 50 లోపు ఉంటే నేను నిశ్చింతగా పోస్తాను. ఆ మీటరు లవణాల సంగతే చెబుతుంది, సూక్ష్మక్రిముల సంగతి చెప్పదు.

కాచి చల్లార్చిన నీళ్లో? కాచితే క్రిములు చస్తాయి, లవణాలు పోవు. కొంత సున్నం గిన్నెకు అంటుకుంటుంది, మిగతాదంతా నీళ్లలోనే ఉంటుంది. బొగ్గు ఫిల్టరు క్లోరిన్ వాసనను తీస్తుంది, లవణాలను వదిలేస్తుంది. వాటర్ సాఫ్టెనర్ కాల్షియాన్ని తీసి ఆ స్థానంలో సోడియం పెడుతుంది. గీజరుకు అది మేలే, గాలికి మాత్రం పొడి పొడే. సీసాల్లో అమ్మే మినరల్ వాటర్ సంగతి దాని పేరే చెబుతోంది.

[దృశ్యం: ఏసీ గొట్టం నుంచి బకెట్‌లోకి పడుతున్న నీటి చుక్కలు.]

ఏసీ నీళ్లు పనికిరావా అని చాలామంది అడుగుతారు. ఆలోచన తెలివైనదే. అవి కూడా ఆవిరి చల్లబడి పుట్టినవే, లవణాలు తక్కువే. అయితే అవి దుమ్ము, బూజు పట్టిన తడి లోహపు రేకుల మీదుగా జారి వస్తాయి. ఆ మురికిని తుంపర చేసి పీల్చడమెందుకు? మొక్కలకు పోయండి.

మరో రెండు రకాల గురించి పెద్ద చర్చ అక్కర్లేదు. తడి వత్తి మీదుగా ఫ్యాను గాలి పంపే రకంలో నీరు నిజంగానే ఆవిరవుతుంది, లవణాలు వత్తిలో చిక్కుకుంటాయి. కొళాయి నీళ్లు చాలు. వత్తి గట్టిపడితే మార్చాలి. మరిగించే రకంలోనూ లవణాలు చాలావరకు అడుగునే పేరుకుంటాయి. వీటిలో నీటి గుండా విద్యుత్తు పంపి వేడిచేసేవి కొన్ని ఉన్నాయి. లవణం లేని నీరు విద్యుత్తును సరిగా ప్రసరింపజేయదు కాబట్టి, వాటిలో డిస్టిల్డ్ వాటర్ పోస్తే ఆవిరే సరిగా రాదు. ఖరీదైన నీళ్లు పోసి, యంత్రం పాడైందని తిట్టుకున్నవాళ్లు నాకు తెలుసు.

ఎంత శుద్ధమైన నీరైనా తొట్టెలో రోజుల తరబడి నిలిస్తే జిగురు పడుతుంది. డిస్టిల్డ్ వాటర్‌లో క్లోరిన్ ఉండదు కాబట్టి క్రిములకు అడ్డే లేదు. పాత నీళ్లు రోజూ పారబోయాలి, మూడు రోజులకొకసారి తొట్టె కడగాలి. తెల్లటి పొరకు వెనిగర్ పోసి కాసేపు ఉంచితే బుడగలు వచ్చి కరుగుతుంది. ఆ తరువాత నీళ్లతో బాగా కడిగి వాడాలి.

నీళ్లలో మాత్రం క్రిమిసంహారక మందేదీ కలపకండి. దక్షిణ కొరియాలో 1994 నుంచి అలాంటి ద్రావణాలను హ్యూమిడిఫయర్ల కోసమే అమ్మారు. వాటి వల్లే ఊపిరితిత్తులు దెబ్బతింటున్నాయని 2011లో బయటపడేసరికి ఎందరో ప్రాణాలు కోల్పోయారు. చర్మానికి తగిలితే పెద్దగా హాని చేయని పదార్థం, పొగమంచుతో కలిసి ఊపిరితిత్తుల్లోకి చేరింది.

[దృశ్యం: కుర్చీ వీపు మీద ఆరేసిన తడి తువ్వాలు.]

ఇంట్లో అల్ట్రాసోనిక్ యంత్రమే ఉంది, ఉప్పునీళ్లు తప్ప వేరే నీళ్లు లేవు, గాలి పొడిగా ఉండి గొంతు ఆరిపోతోంది. అలాంటి రాత్రి యంత్రాన్ని పక్కన పెట్టి, ఒక తువ్వాలు తడిపి ఇలా ఆరేయండి. ఆవిరి గదికి, ఉప్పు తువ్వాలుకు.